కాన్పుకు తోడు వెళ్తున్నారా? ముఖద్వారం ఎలా తెరుచుకుంటుందో, మీరేం చేయాలో

లేబర్ రూమ్ తలుపు కాస్త కదిలితే చాలు, బయట బెంచీ మీదున్న నలుగురూ ఒక్కసారే లేస్తారు. "ఎంత తెరుచుకుంది సిస్టరమ్మా?" "మూడు." నాలుగు గంటలయ్యాక మళ్లీ అదే ప్రశ్న, మళ్లీ అదే మూడు. ఇక కంగారు మొదలవుతుంది. ఒకరు ప్రైవేటుకు తీసుకుపోదామంటారు, ఇంకొకరు ఆపరేషన్ చేసీమనండి అంటారు. గుజరాత్‌లోని వెరావల్ నుంచి అల్లుడు ఫోన్ చేసి "ఏటయిందత్తా?" అని గొంతు వణికిస్తాడు. లోపల కాన్పుకొచ్చిన పిల్లకు అప్పటికి అంతా సవ్యంగానే జరుగుతూ ఉండొచ్చు.

లేబర్ రూముల్లో చాలా ఏళ్లు నర్సుగా చేసినదాన్ని. నాకు తెలిసినంతలో సెంటీమీటర్లే అన్నిటికన్నా ఆఖర్న కదిలే అంకె. అంతకన్నా ముందు కదలాల్సినవి కొన్ని ఉంటాయి. అవి కదులుతున్నాయో లేదో అడిగి తెలుసుకోవడం, ఈలోగా పిల్లకు కావలసినవి చూసుకోవడం తోడు వెళ్లినవాళ్ల పని. శ్రీకాకుళం జిల్లాలో ఆ తోడు చాలాసార్లు భర్త కాదు. తీరంవాళ్లు గుజరాత్ బోట్ల మీద ఉంటారు, మిగతా ఊళ్లవాళ్లు చెన్నైలోనో హైదరాబాద్‌లోనో పనుల్లో ఉంటారు. పిల్లతో వచ్చేది అమ్మో, పిన్నో, వదినో, ఊళ్లోని ఆశా కార్యకర్తో. మీ కోసమే రాస్తున్నాను.

ముందు లోపల ఏం జరుగుతుందో తెలుసుకోండి

గర్భసంచి అడుగున మెడలా కిందికి దిగి ఉండే భాగమే ముఖద్వారం. డాక్టరమ్మ సర్విక్స్ అనేది దీన్నే. నెలలు నిండేదాకా ఇది 3, 4 సెంటీమీటర్ల పొడవుతో, జిగురు బిరడా పెట్టుకుని బిగుతుగా మూసుకుని ఉంటుంది. మీ ముక్కు కొనను వేలితో నొక్కి చూడండి. మూసుకున్న ముఖద్వారం వేలికి అలాగే తగులుతుంది. ఇప్పుడు పెదవి నొక్కండి. కాన్పుకు సిద్ధమైనది అలా ఉంటుంది. మాకు ట్రైనింగ్‌లో నేర్పింది కూడా ఇలాగే. పరీక్ష చేసేవాళ్ల వేలు మొదట వెతికేది ఈ మెత్తదనాన్నే.

మెత్తబడటం నొప్పులకు రోజుల ముందే, ఒక్కోసారి వారాల ముందే మొదలవుతుంది. ముఖద్వారంలో కండ తక్కువ, కొల్లాజెన్ పోగులు ఎక్కువ. ప్రోస్టాగ్లాండిన్లనే రసాయనాలు పనిచేసి ఆ పోగుల అల్లిక వదులవుతుంది, మధ్యలోకి నీరు చేరుతుంది. ఆ తర్వాత పొడవు తగ్గుతూ పలచబడుతుంది. దాన్నే సగం పలచబడింది, 80 శాతం పలచబడింది అని కేస్ షీట్లో రాస్తారు. తెరుచుకోవడం వీటన్నిటి తర్వాతి మాట. తొలికాన్పులో ముందు పలచబడి, తర్వాత తెరుచుకుంటుంది. మలికాన్పులో రెండూ కలిసే నడుస్తాయి. రెండో బిడ్డ కడుపులో ఉన్నప్పుడు నొప్పుల్లేకుండానే ఒక వేలు పట్టేంత తెరిచి ఉందన్నారంటే కంగారుపడి ఆటో మాట్లాడేయనక్కర్లేదు.

ఇంతకీ తెరిచేది గర్భసంచి పైభాగంలో ఉన్న కండ. నొప్పి వచ్చినప్పుడల్లా అది ముడుచుకుంటుంది. నొప్పి తగ్గాక మళ్లీ పూర్తిగా సాగదు, ప్రతిసారీ ఇసుమంత పొట్టిగా మిగిలిపోతుంది. ఆ మిగులుతోనే కింది భాగాన్ని, దానితోపాటు ముఖద్వారాన్ని పైకి లాక్కుంటుంది. బిడ్డ తల పైనుంచి ఒత్తుతుంది. ఒత్తిడి పెరిగేకొద్దీ తల్లి మెదడు నుంచి నొప్పులు తెప్పించే హార్మోన్ ఆక్సిటోసిన్ ఇంకా వస్తుంది, నొప్పులు ఇంకా పదునెక్కుతాయి. బెదిరిపోయిన పిల్లకు నొప్పులు పట్టుతప్పడం మేం చూస్తూనే ఉంటాం. అందుకే పక్కన మీరు ఉండటం లాంఛనం కాదంటాను.

నొప్పులు లెక్కపెట్టండి

ఫోన్‌లో గడియారం తెరిచి పెట్టుకోండి. పిల్ల పొట్ట పైభాగం మీద, బొడ్డుకు పైన, అరచెయ్యి వాల్చండి. నొక్కొద్దు. నొప్పి మొదలయ్యేసరికి పొట్ట మీ చేతికింద గట్టిపడుతుంది. చాలాసార్లు పిల్ల నోట మాట రాకముందే మీ చేతికి తెలిసిపోతుంది. గట్టిపడిన నిమిషం రాసుకోండి, మళ్లీ మెత్తబడేదాకా ఎన్ని సెకన్లు పట్టిందో పక్కన రాయండి. ఒక నొప్పి మొదలు నుంచి తర్వాతి నొప్పి మొదలుకు ఎంత ఎడం ఉందో చూడాలి. మధ్యలో ఖాళీని మాత్రమే లెక్కేస్తే లెక్క తప్పుతుంది.

నిజం నొప్పులైతే గంట గడిచేసరికి ఎడం తగ్గుతుంది, నిడివి పెరుగుతుంది. నడుం దగ్గర మొదలై ముందుకు చుట్టుకొస్తాయి. పడుకున్నా, నడిచినా, స్నానం చేసినా ఆగవు. ఉత్తుత్తి నొప్పులు ఒకసారి పావుగంటకు, ఇంకోసారి ముప్పావు గంటకు వచ్చి, పిల్ల ఓ కునుకు తీస్తే పోతాయి. మన వైపు జీలకర్ర కషాయం తాగించి చూస్తారు. నిజం నొప్పులైతే పెరుగుతాయని, కాకపోతే తగ్గిపోతాయని నమ్మకం. గ్లాసుడు కషాయం వల్ల నష్టమేమీ లేదు, కానీ తేల్చి చెప్పేది అది కాదు, మీ చేతిలో ఉన్న కాగితం. ఆముదం మాత్రం పట్టకండి, విరేచనాలు పట్టుకుని అసలు పనికి ఉండాల్సిన ఓపిక కాస్తా పోతుంది.

ఇంకోటి, ఇది కాస్త గట్టిగానే చెప్తాను. ఊళ్లో ఎవరో "నొప్పుల సూది" వేస్తే తొందరగా అయిపోతుందంటారు. వేయించకండి. బిడ్డ పుట్టకముందు ఆక్సిటోసిన్‌ను కండకు సూదిగా గుచ్చితే దాన్ని తగ్గించడం, ఆపడం ఎవరి వల్లా కాదు. తెరుచుకోని ద్వారం మీదికి నొప్పులు తోసుకొస్తే గర్భసంచి చిట్లవచ్చు, బిడ్డకు ఊపిరి అందకపోవచ్చు. అదే మందును ఆస్పత్రిలో సెలైన్‌లో కలిపి చుక్కలు లెక్కపెట్టి ఇవ్వడానికి కారణం, అక్కడ ఎప్పుడంటే అప్పుడు ఆపే వీలుండటమే.

ఎప్పుడు బయల్దేరాలి

పుస్తకాల లెక్కైతే తొలికాన్పుకు 5 నిమిషాలకో నొప్పి, ఒక్కోటి నిమిషం పాటు, అలా గంటసేపు వస్తే బయల్దేరాలి. ఆస్పత్రి పక్క వీధిలో ఉన్నవాళ్లకు అది సరిపోతుంది. మందస నుంచో మెళియాపుట్టి నుంచో రావాల్సినవాళ్లు 10 నిమిషాల ఎడం ఉన్నప్పుడే 108కి ఫోన్ చేసేయాలి. మలికాన్పైతే ఇంకా ముందే. ఇచ్ఛాపురం, కవిటి వైపువాళ్లు శ్రీకాకుళం కన్నా దగ్గరని బరంపురం పోతుంటారు. అందులో తప్పేం లేదు, కానీ ఎటు వెళ్లాలో ఎనిమిదో నెలలోనే తేల్చుకోండి, నొప్పుల మధ్య కాదు. డోలీ కట్టి మోసుకొచ్చే కొండ ఊళ్లవాళ్లకు నిమిషాల లెక్క పనికిరాదు. తేదీకి వారం పది రోజుల ముందే కిందికి దిగి ఉండాలి. సాలూరులో గిరిజనాభివృద్ధి సంస్థ ఐటీడీఏ గర్భిణుల వసతి గృహం పెట్టింది అందుకే.

లెక్కలన్నీ పక్కనబెట్టి వెంటనే బయల్దేరాల్సినవి ఇవి: ఉమ్మనీరు పోవడం, అది ఆకుపచ్చగా ఉంటే మరీను. బహిష్టులా ఎర్రగా రక్తం పోవడం. బిడ్డ కదలిక తగ్గడం. 37 వారాలు నిండకుండా నొప్పులు రావడం. విపరీతమైన తలనొప్పి, కళ్లు మసకబారడం, ఫిట్స్. పోయిన కాన్పు ఆపరేషన్ అయినవాళ్లకు నొప్పులు మొదలవడం. జిగురుతో కలిసి చిన్న నెత్తుటి చార కనబడితే మాత్రం అది ముఖద్వారం బిరడా ఊడటమే. నొప్పులు ఇవాళ రావచ్చు, నాలుగు రోజులకూ రావచ్చు.

తల్లీబిడ్డల కార్డు, స్కానింగ్ కాగితాలు, ఆధార్ ఒక కవర్లో పెట్టి దాన్ని సంచి పైనే ఉంచండి. 2011లో వచ్చిన జననీ శిశు సురక్ష కార్యక్రమం కింద సర్కారీ ఆస్పత్రిలో కాన్పు, ఆపరేషన్, మందులు, రక్తం, భోజనం, రానుపోను బండి అన్నీ ఉచితం. విజయనగరం ఘోష ఆస్పత్రైనా, ఇప్పటికీ అందరూ రిమ్స్ అనే శ్రీకాకుళం సర్వజన ఆస్పత్రైనా, టెక్కలి ఆస్పత్రైనా అంతే.

లోపలి పరీక్షకు పిల్లను సిద్ధం చేయండి

చాలామంది పిల్లలకు నొప్పుల కన్నా దీని గురించే భయం. ముందే చెప్పి ఉంచండి. మూత్రానికి వెళ్లి రావాలి. వెల్లకిలా పడుకుని, మోకాళ్లు మడిచి, మడమలు దగ్గరపెట్టి మోకాళ్లను పక్కలకు వదిలేయాలి. పరీక్ష చేసేవాళ్లు గ్లవ్స్ వేసుకుని రెండు వేళ్లతో చూస్తారు. నొప్పికీ నొప్పికీ మధ్య చేస్తారు. నడుం పైకి ఎత్తితే ఇంకా నొప్పి పుడుతుంది. నోటితో మెల్లగా గాలి వదులుతూ, పిరుదులను మంచానికి ఆనించి ఉంచమనండి. నొప్పి వస్తుంటే "ఆగండి మేడమ్" అనే హక్కు పిల్లకు ఉంది. ఆగుతారు.

ఇంతా చేసి వేళ్లకు తెలిసేది ఒక్క అంకె కాదు. ఎంత మెత్తగా ఉంది, ఎంత పలచబడింది, వెనక్కి తిరిగి ఉందా ముందుకు వచ్చిందా, ఎంత తెరుచుకుంది, బిడ్డ తల ఎంత దిగింది. 1964లో బిషప్ అనే డాక్టరు ఈ ఐదింటికీ మార్కులు వేశాడు. మొత్తం 13. ఎనిమిదో ఆపైనో వస్తే ద్వారం సిద్ధంగా ఉన్నట్టు. ఐదారు దగ్గరే ఉంటే ఇంకా పండలేదన్నమాట. నొప్పులు తెప్పించాలా వద్దా, తెప్పిస్తే దేనితో అన్నది ఇప్పటికీ ఎక్కువగా ఈ మార్కులను బట్టే తేలుస్తారు.

మళ్లీ ఆ మూడు దగ్గరికి వద్దాం. రాత్రి 10 గంటలకు మూడు సెంటీమీటర్లు, గట్టిగా, వెనక్కి తిరిగి, తల పైనే ఉంది. తెల్లవారుజామున రెండింటికి కూడా మూడే, కానీ ఇప్పుడు మెత్తగా పలచబడి, ముందుకు వచ్చి, తల దిగింది. బయట బెంచీకి రెండూ ఒకటే మూడు. నాకైతే ఆ నాలుగు గంటల్లో సగం పని అయిపోయినట్టు. కాబట్టి "ఎంత తెరుచుకుంది?" అని ఊరుకోకండి. "పలచబడిందా అమ్మా? తల దిగిందా? బిడ్డ గుండె ఎలా ఉంది?" అని కూడా అడగండి. విసుక్కునేవాళ్లు ఉంటారు, లేరనను. అయినా అడగండి.

వేళ్లతో చెప్పే లెక్కా తెలుసుకోండి. ఒక వేలు పట్టిందంటే సుమారు ఒకటిన్నర సెంటీమీటర్లు, రెండు వేళ్లంటే మూడు, మూడున్నర. టేపు పెట్టి కొలిచింది కాదు కాబట్టి ఇద్దరు చూస్తే ఒక సెంటీమీటరు అటూఇటూ వస్తుంది. డ్యూటీ మారాక నాలుగు కాస్తా మూడున్నర అయితే ద్వారం మూసుకుపోయినట్టు కాదు, చెయ్యి మారింది. పూర్తిగా తెరుచుకుందని చెప్పే 10 కూడా కొలత కాదు, వేలికి అంచు ఎక్కడా తగలకపోవడమే 10.

అంతా బాగుంటే ఈ పరీక్ష నాలుగు గంటలకోసారి చాలు. "ఇంకోసారి చూడండమ్మా" అని ప్రతి అరగంటకూ బతిమాలకండి. ఉమ్మనీరు పోయాక ఎన్నిసార్లు వేళ్లు పెడితే ఇన్‌ఫెక్షన్ భయం అంత పెరుగుతుంది. రక్తం పోతూ వచ్చిన పిల్లకైతే మాయ కిందికి లేదని స్కానింగ్‌లో తేలేదాకా వేళ్లతో చూడరు, చూడకూడదు. "వచ్చి గంటయింది, ఎవరూ చూడలేదు" అని గొడవపడేముందు అది కారణమేమో కనుక్కోండి.

ఐదు సెంటీమీటర్ల దాకా ఓపిక పట్టండి

గంటకో సెంటీమీటరు అన్న మాట మీరూ వినే ఉంటారు. 1950లలో అమెరికాలో ఫ్రీడ్‌మన్ అనే డాక్టరు కాన్పుల వేగాన్ని గీతలుగా గీశాడు. 1972లో ఫిల్‌పాట్, కాజిల్ అనేవాళ్లు ఇప్పటి జింబాబ్వేలో దాన్ని పార్టోగ్రాఫ్ అనే కాగితంగా మార్చారు. వాళ్ల అవసరం మన ఏజెన్సీ అవసరం లాంటిదే. పల్లె ఆస్పత్రిలోని మంత్రసానికి ఏ పిల్లను ఎప్పుడు పెద్దాస్పత్రికి పంపాలో తెలియాలి. గంటకో సెంటీమీటరు గీత ఒకటి, దానికి నాలుగు గంటల అవతల ఇంకో గీత. రెండోది దాటకముందే ఏదో ఒకటి చేయాలి. ఎందరో తల్లుల్ని కాపాడిన కాగితం అది. కానీ రాన్రానూ అదో గడువైపోయింది.

2018లో ప్రపంచ ఆరోగ్య సంస్థ ఈ లెక్క మార్చింది. ద్వారం వేగంగా తెరుచుకునే చురుకు దశ మొదలయ్యేది 5 సెంటీమీటర్ల నుంచి. అంతకుముందు ఎన్ని గంటలన్న హద్దు లేదు, ఒక్కో పిల్లకు ఒక్కోలా పడుతుంది. 5 తర్వాత తొలికాన్పుకు మామూలుగా 12 గంటలు, మలికాన్పుకు 10 గంటలు దాటదు. గంటకో సెంటీమీటరు తెరుచుకోలేదన్న ఒక్క కారణంతో మందులూ ఆపరేషనూ మొదలుపెట్టొద్దని చెప్పింది. 2020లో పార్టోగ్రాఫ్ బదులు కొత్త పట్టిక కూడా తెచ్చింది.

దీనివల్ల మీకు తేలేదేమిటంటే, రెండు మూడు సెంటీమీటర్ల దగ్గర "ఇంకా టైముంది, టిఫిన్ చేసి నడవండి" అన్నారంటే పట్టించుకోలేదని కాదు. దగ్గర్లో ఇల్లుంటే వెళ్లి రమ్మన్నా తప్పు లేదు. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో మన రాష్ట్రంలో 100 కాన్పులకు 42 ఆపరేషన్లని తేలింది. అందులో డాక్టర్ల వాటా ఉంది, ముహూర్తాల వాటా ఉంది, మూడు దగ్గరే ఓపిక నశించిన చుట్టాల వాటా కూడా ఉంది.

ఈ దశలో తిండి పెట్టండి. డాక్టరు వద్దనకపోతే ఇడ్లీ, చారన్నం, మజ్జిగ ఏవైనా సరే. ఉద్దానంవాళ్లకు కొబ్బరిబోండాల కొదవుండదు. కానీ పిల్లకు కిడ్నీ జబ్బు ఉంటే మాత్రం డాక్టరమ్మను అడక్కుండా బోండాం పట్టకండి, అందులో పొటాషియం ఎక్కువ. రాత్రయితే నడిపించకుండా పడుకోనివ్వండి. రాత్రంతా వరండాలో తిప్పి, తెల్లారి చురుకు దశ వచ్చేసరికి పిల్లకు కాళ్లు నిలవకపోవడం చాలాసార్లు చూశాను.

ఐదు నుంచి పదికి

ఇక్కడినుంచి మీ చేతులకు పనుంటుంది. నొప్పి వచ్చినప్పుడు పిల్ల వెనక నిలబడి, నడుం కింద ఎముక దగ్గర అరచేతి మడమతో గట్టిగా ఒత్తండి. నిమరడం కాదు, ఒత్తడం. కొందరు నడుస్తారు, కొందరు మంచం పట్టుకుని ముందుకు వంగుతారు, కొందరు ఎడమ పక్కకు తిరిగి పడుకుంటారు. వెల్లకిలా మాత్రం ఎక్కువసేపు ఉంచకండి, గర్భసంచి బరువు వెనకున్న పెద్ద రక్తనాళం మీద పడి బిడ్డకు రక్తం తగ్గుతుంది. రెండు గంటలకోసారి మూత్రానికి తీసుకెళ్లండి. నిండిన మూత్రసంచి బిడ్డ తలను దిగనివ్వదు. అరగంటకోసారి బిడ్డ గుండె విన్నారా అని చూసుకోండి. నిమిషానికి 110 నుంచి 160 లోపు ఉండాలి.

ఎనిమిది దాటాక పిల్ల మారిపోతుంది. వణుకు, వాంతి, ఒళ్లంతా చెమట. అప్పటిదాకా నోరెత్తని పిల్ల "నావల్ల కాదే అమ్మా, నన్నొదిలీండి" అంటుంది. ఆ మాట విని మీరు ఏడవకండి, దగ్గర పడిందని గుర్తు. అప్పుడే ముక్కాలనిపిస్తుంది కూడా. అంచు ఇంకా మిగిలుండగా బలంగా ముక్కితే ముఖద్వారం వాచిపోవచ్చు. పరీక్ష చేసి 10 అనేదాకా పక్కకు తిప్పి, కొవ్వొత్తి ఆర్పినట్టు చిన్నచిన్నగా ఊదించండి. 10 వచ్చాక కూడా, ముక్కాలనిపించకపోతే కాసేపు ఆగొచ్చు. తొలికాన్పుకు అక్కడినుంచి 3 గంటల దాకా, మలికాన్పుకు 2 గంటల దాకా పట్టడం మామూలే. ఎవరైనా పైనుంచి పొట్ట నొక్కుదామంటే ఒప్పుకోకండి.

తెరుచుకోనప్పుడు ఏం చేస్తారు

నొప్పులు రాకముందే కాన్పు చేయాల్సి వస్తే, బీపీ వల్ల కావచ్చు, తేదీ దాటడం వల్ల కావచ్చు, ముందు ద్వారాన్ని పండిస్తారు. ఒకటి, ప్రోస్టాగ్లాండిన్ జెల్. ఇంకోటి, మూత్రానికి పెట్టే ఫోలే గొట్టాన్నే ముఖద్వారంలోంచి పంపి దాని కొసనున్న బుడగలాంటి బల్బులో సెలైన్ నింపడం. ఆ బల్బు లోపలినుంచి ఒత్తి ఒత్తి మూడు సెంటీమీటర్ల దగ్గర దానంతటదే జారిపడుతుంది. బాత్రూమ్‌లో పడితే హడలిపోకండి, సిస్టర్‌కు చెప్పండి. మూడోది మిసోప్రోస్టాల్. కాన్పు తెప్పించడానికి వాడేది ఒకసారికి 25 మైక్రోగ్రాములు. మందుల షాపులో దొరికే మాత్ర తరచూ 200, అంటే ఎనిమిది రెట్లు. ఇంట్లో విరిచి వాడే మందు కాదది. పోయిన కాన్పు ఆపరేషనైతే ఇది ఇవ్వరు, పాత కుట్టు చిట్లవచ్చు. ఆ సంగతి కార్డులో ఉన్నా మీ నోటితోనూ చెప్పండి.

జెల్ పెట్టిన రోజే బిడ్డ చేతికి రావాలనుకోవద్దు. ద్వారం పచ్చిగా ఉంటే ఒక రోజు పైనే పడుతుంది.

నొప్పులు చాలకపోతే ఉమ్మనీటి సంచి చిట్లించి, ఆక్సిటోసిన్ డ్రిప్ పెడతారు. కొద్దిగా మొదలుపెట్టి మెల్లగా పెంచుతారు. ఇక్కడ ఒక్క విన్నపం. ఆ గొట్టం మీదున్న చిన్న చక్రాన్ని ముట్టుకోకండి. చుక్కలు నెమ్మదిగా పడుతున్నాయని తిప్పిన అత్తలు నాకు తెలుసు. 10 నిమిషాల్లో ఐదుకు మించి నొప్పులు వస్తే బిడ్డకు ఊపిరి తీసుకునే తెరిపి ఉండదు. అలా వస్తుంటే వెంటనే పిలవండి.

ఇక ఆపరేషన్ మాట వచ్చినప్పుడు మూడు అడగండి. బిడ్డ గుండె పడిపోయిందా? పడిపోతే ఇక మాటల్లేవు, సంతకం పెట్టండి. నొప్పులు బలంగా ఉండి కూడా మార్పు లేదా? ఎన్ని గంటలుగా? 2014లో అమెరికా డాక్టర్ల సంఘాలు పెట్టుకున్న కొలబద్ద ప్రకారం, 6 సెంటీమీటర్లు దాటి, ఉమ్మనీరు పోయి, మంచి నొప్పులతో 4 గంటలైనా, చాలని నొప్పులకు డ్రిప్ ఇచ్చి 6 గంటలైనా కదలకపోతేనే ఆగిపోయినట్టు. రెండు సెంటీమీటర్ల దగ్గర, తల్లీబిడ్డలిద్దరూ బాగున్నప్పుడు, ఆగిపోయిందన్న మాటకు ఇంకో కారణం చెప్పమనవచ్చు.

కాన్పు కాని చోట

అబార్షన్ అయినప్పుడు శుభ్రం చేయడానికి, గర్భసంచి లోపల కెమెరాతో చూడటానికి, గర్భం తీయించుకోవడానికి కూడా ముఖద్వారం తెరవాలి. అయితే ఇక్కడి లెక్క మిల్లీమీటర్లలో. 8 వారాల గర్భానికి సుమారు 8 మిల్లీమీటర్ల గొట్టం పట్టేంత తెరిస్తే చాలు. కొన్ని గంటల ముందు మిసోప్రోస్టాల్ ఇచ్చి మెత్తబరుస్తారు. పొట్టలో పిండినట్టు నొప్పి, చలి, కాస్త రక్తం ఉంటాయి. తర్వాత హెగార్ డైలేటర్లనే నునుపైన లోహపు కడ్డీలను సన్నదానితో మొదలుపెట్టి ఒక్కో మిల్లీమీటరు చొప్పున పెంచుకుంటూ పోతారు. మత్తు ఇస్తామంటే చెప్పినంతసేపు కడుపు ఖాళీగా ఉంచండి, ఇంటికి తీసుకెళ్లడానికి ఒకరు ఉండండి. వరుసగా రెండు గంటలు, గంటకు రెండు ప్యాడ్లు తడిసినా, జ్వరం వచ్చినా, వాసనతో తెల్లబట్ట అయినా తిరిగి రావాలి.

గర్భం తీయించుకోవడానికి 1971 చట్టం ప్రకారం 18 నిండిన ఆడమనిషి సంతకం ఒక్కటే చాలు, భర్త సంతకం అక్కర్లేదు. 2021 సవరణ తర్వాత 20 వారాల దాకా ఒక డాక్టరు, కొన్ని ప్రత్యేక పరిస్థితుల్లో 24 వారాల దాకా ఇద్దరు డాక్టర్లు ఒప్పుకోవాలి.

దీనికి తలకిందులైన కష్టం కొందరిది. ఐదో నెలలోనో ఆరో నెలలోనో నొప్పులే లేకుండా ముఖద్వారం తెరుచుకుపోయి బిడ్డ జారిపోతుంది. ఊళ్లో దృష్టి అంటారు, పిల్ల బరువులెత్తిందంటారు. ద్వారానికి బిగువు లేకపోవడమే అసలు సంగతి. ఇలా ఒకసారి జరిగినవాళ్లు తర్వాతి గర్భం మూడో నెల నిండేసరికి డాక్టరును కలవాలి. స్కానింగ్‌లో ముఖద్వారం పొడవు కొలుస్తారు, 25 మిల్లీమీటర్లకు తగ్గితే జాగ్రత్తపడతారు. పాత చరిత్ర ఉంటే 12, 14 వారాల మధ్య కుట్టు వేస్తారు. ప్రపంచమంతా వాడే కుట్టుల్లో ఒకటి 1955లో ముంబై డాక్టరు వి.ఎన్. శిరోద్కర్ చెప్పింది.

కుట్టు వేయించుకున్న పిల్ల పుట్టింటికి పురిటికి వస్తే, వేసిన కాగితం కూడా వెంట రావాలి. 36, 37 వారాల మధ్య దాన్ని విప్పించాలి, చాలావరకు మత్తు అక్కర్లేదు. అంతకుముందే నొప్పులు వచ్చినా, ఉమ్మనీరు పోయినా, 108 ఎక్కేటప్పుడు ఒకసారి, ఆస్పత్రి గుమ్మంలో ఇంకోసారి "కుట్టు ఉంది" అని చెప్పండి. ఎవరూ అడగరు, అడిగేదాకా ఆగొద్దు. కుట్టు ఉండగా నొప్పులు బలపడితే ముఖద్వారం చీరుకుపోవచ్చు.